గాండాల్ఫ్ వేసిన ముసలమ్మ వేషం అసలు ఎవరిది? డాన్ లెనో కథ



ఈ ఎపిసోడ్ ఒక ఫోన్ కాల్‌తో మొదలైంది. మా పెద్దనాన్నగారి అబ్బాయి మాంచెస్టర్‌లో ఉంటాడు. నాలాగే బీటెక్, నాలాగే ఐటీ. కాకపోతే అన్నయ్య ఇంకా ఉద్యోగంలో ఉన్నాడు, నేను కెమెరా ముందు కూర్చున్నాను. డిసెంబర్‌లో ఒకరోజు ఫోన్ చేసి, "ఒరేయ్, ఆఫీసు వాళ్ళందరూ పిల్లల్ని తీసుకుని పాంటోమైమ్‌కి వెళ్తుంటే మేమూ వెళ్ళాం రా" అన్నాడు. పాంటోమైమ్ అంటే మూకాభినయం కదా, హాల్లో గుండుసూది పడినా వినిపిస్తుందేమో, చంటిది ఏడిస్తే పరువు పోతుందని వదిన భయపడుతూనే వెళ్ళిందట. తీరా వెళ్తే అక్కడ ఎవరు ఏడ్చినా వినిపించే పరిస్థితి లేదు. ఆరడుగుల మగాడు, గౌను, విగ్గు, బుగ్గల మీద ఎర్రరంగు. విలన్ రాగానే హాలంతా "బూ" అని అరుపులు. వాడు హీరో వెనక నక్కితే, "నీ వెనకాలే ఉన్నాడు" అని పిల్లలతో పాటు తాతలు కూడా గొంతు చించుకుంటున్నారు. "మా మేనేజర్ అరుస్తున్నాడు రా. సంవత్సరంలో ఆయన నోటి నుంచి అంత పెద్ద మాట నేను వినలేదు" అన్నాడు అన్నయ్య.

నాకూ అంతవరకు పాంటోమైమ్ అంటే మొహానికి తెల్లరంగు పూసుకుని, లేని గోడని చేతులతో తడిమే ఆర్టే. బ్రిటన్‌లో ఆ మాటకి అర్థం పూర్తిగా రివర్స్. అది క్రిస్మస్‌కి వచ్చే అల్లరి నాటకం. సిండ్రెల్లా, అల్లాదీన్, జాక్ అండ్ ది బీన్‌స్టాక్ లాంటి అందరికీ తెలిసిన కథ తీసుకుని, పాటలు, జోకులు, లోకల్ సెటైర్లు కలిపి ఆడతారు. మనకి సంక్రాంతికి కుటుంబమంతా కలిసి సినిమాకి వెళ్ళడం ఎలాగో, వాళ్ళకి ఇది అలాగ. పాత సంప్రదాయంలో హీరో వేషం ఒక అమ్మాయి వేస్తుంది. ముసలమ్మ వేషం మగాడు వేస్తాడు. ఆ వేషాన్ని 'డేమ్' అంటారు. ఈ ఎపిసోడ్ ఆ డేమ్ గురించే.

మీకు ఇయాన్ మెకెల్లెన్ తెలుసు కదా? లార్డ్ ఆఫ్ ది రింగ్స్‌లో గాండాల్ఫ్, ఎక్స్‌మెన్‌లో మాగ్నీటో. ఆయన 2022 డిసెంబర్‌లో, 83 ఏళ్ళ వయసులో, లండన్ స్టేజి మీద మదర్ గూస్ అనే ముసలమ్మ వేషం వేశాడు. తర్వాత ఆ షోతో ఊరూరూ తిరిగాడు. ఇంత పెద్ద షేక్‌స్పియర్ నటుడు ఈ వయసులో ఇదేంటి అని నేను వెతకడం మొదలుపెట్టాను. వెతుకుతూ వెళ్తే, ఆ పాత్రని సరిగ్గా 120 ఏళ్ళ కిందట, 1902లో, ఒక మనిషి కోసం కొలతలు తీసి మరీ కుట్టారని తెలిసింది. ఆ మనిషి పేరు డాన్ లెనో.

ఆయన దగ్గరికి వెళ్ళే ముందు ఒక చిన్న డౌట్ క్లియర్ చేసుకుందాం. మూగ ఆటకి ఉండాల్సిన పేరు ఈ గోల ఆటకి ఎలా వచ్చింది? దీనికి ఒక పెద్ద కారణం చట్టం. 1737లో బ్రిటన్‌లో లైసెన్సింగ్ యాక్ట్ వచ్చింది. మాటలతో నడిచే నాటకాలు లండన్‌లో రాజు అనుమతి ఉన్న థియేటర్లకే పరిమితమయ్యాయి. ముఖ్యంగా డ్రూరీ లేన్, కోవెంట్ గార్డెన్. మిగతా వాళ్ళు ఏం చెయ్యాలి? పాట, డాన్సు, గంతులు, సైగలు. అలా మాటల్లేని హాస్యం బాగా పెరిగింది. ఆ కాలానికి సూపర్‌స్టార్ జోసెఫ్ గ్రిమాల్డి. ఇప్పటికీ సర్కస్ క్లౌన్లని 'జోయి' అని పిలవడం ఆయన పేరు మీదే వచ్చింది. 1806లో కోవెంట్ గార్డెన్‌లో ఆయన చేసిన షో పేరు కూడా మదర్ గూసే. కానీ కథ వేరు, అందులో ఆయన వేషం క్లౌన్, ముసలమ్మ కాదు. గ్రిమాల్డి పూర్తిగా మూగగా కూడా ఉండేవాడు కాదు. 'హాట్ కాడ్లిన్స్' అని ఒక పాట పాడుతూ ప్రాస పడాల్సిన చోట కావాలని ఆగిపోయేవాడు. మిగిలిన పదాన్ని హాలంతా కలిసి అరిచేది. మా అన్నయ్య మేనేజర్ అరుపుకి మూలం ఎక్కడో అక్కడ ఉందన్నమాట. 1843లో చట్టం మార్చారు. చిన్న థియేటర్లకి కూడా మాట్లాడే హక్కు వచ్చింది. అప్పటినుంచి పాంటోమైమ్‌లో మాటలు, ప్రాసలు, జోకులు వరదలా వచ్చిపడ్డాయి. పేరు మాత్రం పాతదే ఉండిపోయింది.

ఇక డాన్ లెనో. అసలు పేరు జార్జ్ వైల్డ్ గాల్విన్. 1860 డిసెంబర్ 20న లండన్‌లోని సెయింట్ పాంక్రస్ ప్రాంతంలో పుట్టాడు. అమ్మానాన్నలిద్దరూ స్టేజి మీద బతికేవాళ్ళే, ఇంట్లో డబ్బు ఎప్పుడూ లేదు. మూడేళ్ళు నిండి నాలుగో ఏడు నడుస్తుండగా, 1864లో, వాణ్ణి స్టేజి ఎక్కించారు. చేసిన పని ఒళ్ళు విల్లులా వంచడం. అదే ఏడాది తండ్రి చనిపోయాడు, తాగుడు మనిషి. తల్లి ఇంకో నటుణ్ణి పెళ్ళి చేసుకుంది. ఆయన స్టేజి పేరు లెనో. అలా ఈ కుర్రాడికి ప్రపంచం గుర్తుపెట్టుకున్న ఇంటిపేరు సవతి తండ్రి నుంచి వచ్చింది, అది కూడా దొంగపేరు!

ఆ తర్వాత దాదాపు ఇరవై ఏళ్ళు ఊళ్ళు పట్టుకు తిరగడమే. ఐర్లండ్, స్కాట్లాండ్, ఇంగ్లండ్ ఉత్తరాన ఉన్న ఫ్యాక్టరీ పట్టణాలు. లండన్‌లో పుట్టిన పిల్లాణ్ణి ఐరిష్ కమెడియన్ అని పోస్టర్ మీద వేసి అమ్మారు. అందులో ఎక్కువ చెప్పుకోవడానికి లేదు, ఒక్క విషయం తప్ప. వాడు క్లాగ్ డాన్స్ నేర్చుకున్నాడు. క్లాగ్ అంటే చెక్క అడుగు ఉన్న బూటు. లాంకషైర్ మిల్లు కార్మికులు వేసుకునేవి. ఆ బూట్లతో నేల మీద దరువు వెయ్యడమే డాన్సు. అలాంటి పోటీల్లో జడ్జీలు కొందరు స్టేజి కింద కూర్చుని, మనిషిని చూడకుండా చప్పుడు మాత్రమే వినేవాళ్ళు. ఒక దెబ్బ తప్పినా పట్టేస్తారు. 1880లో లీడ్స్‌లో ప్రపంచ క్లాగ్ డాన్స్ చాంపియన్‌షిప్ పెడితే లెనో గెలిచాడు. బంగారం, వెండి కలిపి చేసిన బెల్టు ఇచ్చారు. అప్పటికి వాడికి 19 ఏళ్ళు.

దీన్ని నేను ఎందుకు సాగదీస్తున్నానంటే, లెనో గురించి తర్వాత అందరూ 'సహజ హాస్యం' అన్నారు, అలా నోటికొచ్చింది మాట్లాడినట్టే ఉంటుందన్నారు. కానీ ఆ నోటి వెనక చప్పుడుని బట్టి మార్కులు వేసే జడ్జీల ముందు తయారైన కాళ్ళు ఉన్నాయి. టైమింగ్ ఆయనకి చెవి నుంచి వచ్చింది. ఈ చెవి సంగతి గుర్తుపెట్టుకోండి, చివర్లో మళ్ళీ వస్తుంది.

1885 అక్టోబర్‌లో లండన్‌కి తిరిగొచ్చాడు. ఫారెస్టర్స్ అనే మ్యూజిక్ హాల్లో వారానికి 5 పౌన్లు. మ్యూజిక్ హాల్ అంటే మన రికార్డింగ్ డాన్సుకీ ఆర్కెస్ట్రాకీ మధ్యలో ఏదో ఊహించుకోండి. తాగుతూ, తింటూ జనం చూస్తారు. ఒకడి తర్వాత ఒకడు వచ్చి పది, పదిహేను నిమిషాలు ఆడి పోతారు. పేరున్న ఆర్టిస్టు అయితే ఒకే రాత్రి మూడు నాలుగు హాళ్ళకి బండిలో పరిగెత్తుతాడు. లెనో అక్కడ క్లాగ్ డాన్సుని నమ్ముకుని వెళ్ళాడు. లండన్ వాళ్ళు దాన్ని పెద్దగా పట్టించుకోలేదు. వాళ్ళకి నచ్చింది ఇంకొకటి. ఆయన ఒక పేదింటి తల్లి వేషంలో, కవల పిల్లలకి పాలు కొనడానికి బయల్దేరి, దారిలో తన గోడు చెప్పుకునే పాట. పదేళ్ళు సాధన చేసిన డాన్సు పక్కన పడింది, సైడ్ ఐటమ్ హిట్ అయింది. (నా చానెల్ చూసేవాళ్ళకి తెలుసు. నేను జావా ట్యుటోరియల్స్‌తో మొదలుపెట్టాను. ఒకటీ ఆడలేదు. పాత నాటకాల మీద సరదాగా పెట్టిన వీడియో ఆడింది.)

ఆ పాట చూసిన సర్రే థియేటర్ మేనేజర్ జార్జ్ కాంక్వెస్ట్, 1886 క్రిస్మస్‌కి జాక్ అండ్ ది బీన్‌స్టాక్‌లో జాక్ తల్లి వేషం ఇచ్చాడు. అది చూసి డ్రూరీ లేన్ మేనేజర్ అగస్టస్ హారిస్ పిలిచాడు. 1888 క్రిస్మస్‌కి బేబ్స్ ఇన్ ది వుడ్‌లో దుష్ట అత్త పాత్ర. అక్కడినుంచి 1904 మొదటి నెలల దాకా ప్రతి క్రిస్మస్ సీజన్‌కీ డ్రూరీ లేన్‌లో లెనో ఉన్నాడు.

డ్రూరీ లేన్ అంటే మామూలు థియేటర్ కాదు. హారిస్ ఖర్చు పెట్టే పద్ధతి చూస్తే మన రాజమౌళి గారి ఇంటర్వెల్ సీన్లు గుర్తొస్తాయి. వందలమంది ఊరేగింపులు, యంత్రాలతో క్షణంలో మారే సెట్లు, గంటల తరబడి సాగే షో. మన సురభి వాళ్ళు చిన్న స్టేజి మీద తాళ్ళతో, చక్రాలతో చేసే మాయని ఒక పెద్ద గుర్రాల సంత సైజుకి పెంచండి. అంత హంగామా మధ్యలో, అయిదడుగుల మూడంగుళాల మనిషి వచ్చి నిలబడి, పక్కింటి వాళ్ళ గురించి మాట్లాడి, అందర్నీ తనవైపు తిప్పుకోవాలి.

పక్కన జోడీ హెర్బర్ట్ కాంప్‌బెల్. భారీ మనిషి. లెనో ఈత పుల్ల, కాంప్‌బెల్ గాదె. ఆ ఇద్దరూ పక్కపక్కన నిలబడితే చాలు, డైలాగ్ అక్కర్లేదు. ఒక ఏడాది బేబ్స్ ఇన్ ది వుడ్‌లో అడవిలో తప్పిపోయిన పసిపిల్లల వేషాలే ఈ ఇద్దరూ వేశారు. ఊహించుకోండి.

ఇప్పుడు అసలు విషయానికి వస్తా. మగాడు ఆడవేషం వెయ్యడం మనకి కొత్తేం కాదు. కూచిపూడి భామాకలాపం ఉంది. స్థానం నరసింహారావు గారు ఉన్నారు, సత్యభామగా వస్తే ఆడవాళ్ళే ఆయన చీరకట్టు చూసి నేర్చుకునేవారని మా నాయనమ్మ చెప్పేది. అక్కడ కళ ఏంటంటే, లోపల మగాడున్నాడని మీరు మర్చిపోవాలి. బ్రిటిష్ డేమ్ దానికి సరిగ్గా ఎదురు. మగాడని మీకు తెలుస్తూనే ఉండాలి. గొంతు మార్చడు, నడక పూర్తిగా మార్చడు. ఆ తేడాలోంచే నవ్వు.

లెనో చేసిన పని ఈ రెండింటికీ మధ్యలో ఎక్కడో ఉంది, నాకు ఆయన నచ్చింది అందుకే. అంతకు ముందు కూడా డేమ్‌లు ఉన్నారు. ఎక్కువగా గయ్యాళి బొమ్మలు. లెనో వేసిన ముసలమ్మకి మాత్రం అద్దె కట్టాల్సిన ఇల్లు ఉంటుంది. తాగొచ్చే మొగుడు ఉంటాడు. చిన్నప్పుడు ఊరూరా అద్దె గదుల్లో చూసిన ఆడవాళ్ళని తీసుకొచ్చి స్టేజి మీద పెట్టాడు. మీరు నవ్వుతారు, కానీ ఆమెని చూసి కాదు, ఆమె చెప్పే సంగతికి.

ఉదాహరణకి ఆయన మ్యూజిక్ హాల్లో చేసే 'మిసెస్ కెల్లీ' అనే ముక్క. ఆమె స్టేజి మీదకి రాదు. ఆమె గురించి లెనో మనతో మాట్లాడతాడు, అంతే. మీకు మిసెస్ కెల్లీ తెలుసు కదా అని మొదలుపెడతాడు. మనం తెలీదు అన్నట్టు చూస్తాం. తెలీకపోవడమేంటి అని ఆశ్చర్యపోతాడు. మళ్ళీ ఆనవాలు చెప్పబోతాడు, మధ్యలో ఇంకేదో గుర్తొస్తుంది, అటు పోతాడు, తిరిగొచ్చి, అదే, మిసెస్ కెల్లీ అంటాడు. మన ఊళ్ళో పెద్దవాళ్ళు ఎవరో చుట్టాన్ని గుర్తు చెయ్యడానికి "అదేరా, మీ తాతయ్య షష్టిపూర్తికి వచ్చింది చూడూ" అని లాగుతారే, అచ్చం అదే. ఇందులో జోక్ అంటూ విడిగా తీసి చూపించడానికి ఏమీ లేదు. హాల్లో ఉన్న ప్రతి మనిషీ తనకి తెలిసిన ఒక మిసెస్ కెల్లీని తలుచుకుంటాడు. సగం పని ప్రేక్షకుడు చేస్తాడు.

రైటర్ ఎవరు అనే ప్రశ్న ఇక్కడ వస్తుంది. పాటలు చాలావరకు వేరేవాళ్ళు రాసిచ్చినవే. పాటకీ పాటకీ మధ్య మాటలుంటాయి కదా, వాళ్ళ భాషలో 'ప్యాటర్', అదే ఆయన అసలు ఆస్తి. రోజూ జనం ముందు కొంచెం పెంచి, కొంచెం తగ్గించి, పనికిరానిది కోసేసి తయారు చేసుకునేవాడు. సాఫ్ట్‌వేర్ వాళ్ళకి అర్థమయ్యేలా చెప్పాలంటే డైరెక్ట్‌గా ప్రొడక్షన్‌లోనే టెస్టింగ్! 1899లో 'డాన్ లెనో హిజ్ బుక్' అని ఆయన పేరు మీద ఒక హాస్య ఆత్మకథ వచ్చింది. 1898లో ఆయన పేరుతో ఒక కామిక్ పత్రికే వచ్చింది. అంత క్రేజ్.

డ్రూరీ లేన్‌లో స్క్రిప్టు సంగతి ఇంకో రకం. అక్కడ ఇ.ఎల్. బ్లాంచార్డ్ అనే పెద్దాయన మూడు దశాబ్దాలకి పైగా పాంటోలు రాశాడు. చక్కటి పద్యాలు, ముచ్చటైన దేవకన్యలు. హారిస్ వచ్చి మ్యూజిక్ హాల్ కమెడియన్లని దించాక ఆయన రాసింది స్టేజి మీద మిగిలేది కాదు. కమెడియన్లు తమ ముక్కలు దూర్చేసేవాళ్ళు. పాపం పెద్దాయన చివరి రోజుల్లో దీనికి చాలా బాధపడ్డాడు. లెనో మొదటి డ్రూరీ లేన్ సీజన్ ఆయనకి ఆఖరి సీజన్. 1889లో చనిపోయాడు. న్యాయంగా చెప్పాలంటే, లెనో కథలో నష్టపోయినవాళ్ళు కూడా ఉన్నారు.

1896లో హారిస్ పోయాక ఆర్థర్ కాలిన్స్ మేనేజర్ అయ్యాడు. ఆయన 1900 నుంచి జె. హికరీ వుడ్ అనే రచయితని పెట్టుకున్నాడు. వుడ్ తెలివైనవాడు. కమెడియన్‌తో కొట్లాడకుండా, కమెడియన్‌ని బట్టి కథే అల్లాడు. బ్రహ్మానందం గారికి ట్రాక్ రాయడం ఒకటి, బ్రహ్మానందం గారి చుట్టూ సినిమానే రాయడం ఇంకొకటి. 1902 మదర్ గూస్ ఆ రెండో రకం.

కథ సింపుల్. మదర్ గూస్ పేద ముసలమ్మ. ఆమెకి బంగారు గుడ్లు పెట్టే బాతు దొరుకుతుంది. డబ్బు వచ్చింది. డబ్బు వచ్చాక, అందం కూడా ఉంటే బాగుండు అనిపిస్తుంది. అందం కోసం బాతుని వదులుకుంటుంది. మాయ కొలనులో మునిగి, అందగత్తెగా బయటికొస్తుంది. ఇప్పుడు పాత మదర్ గూస్‌గా ఆమెకి ఉన్నదేదీ ఆమెది కాదు.

మిగతా పాంటోల్లో డేమ్ సైడ్ క్యారెక్టర్. అల్లాదీన్ తల్లి, జాక్ తల్లి, హీరో కథకి పక్కన నిలబడి నవ్వించే మనిషి. మదర్ గూస్‌లో కథే ఆమెది. ఆశ ఆమెది, తప్పు ఆమెది, నష్టం ఆమెది. అందుకే పాంటో నటులు ఇప్పటికీ దీన్ని డేమ్ పాత్రల్లో శిఖరంగా చూస్తారు. లెనో ఆ సీజన్‌లో మొదట బీదరాలు, తర్వాత కొత్తగా డబ్బొచ్చిన మనిషి, తర్వాత అందగత్తె, ఇలా ఒకే మనిషిని మూడు రకాలుగా చూపించాల్సి వచ్చింది.

అప్పటికే ఆయన శిఖరం మీద ఉన్నాడు. 1901 నవంబర్‌లో ఏడవ ఎడ్వర్డ్ రాజు సాండ్రింగ్‌హామ్ భవనానికి పిలిపించుకుని ఆయన ఆట చూశాడు. పేపర్లు 'రాజుగారి విదూషకుడు' అని పేరు పెట్టాయి. కళాకారుల సేవా సంఘం వాటర్ ర్యాట్స్‌కి పెద్ద, అంటే కింగ్ ర్యాట్‌గా చేశాడు. ఆ సంఘం ఇప్పటికీ ఉంది. సొంతంగా మ్యూజిక్ హాళ్ళలో వాటాలు కొన్నాడు. డబ్బు, పేరు, ఇల్లు, పిల్లలు.

కింద నేల మాత్రం కదులుతోంది. తాగుడు పెరిగింది. చిన్నప్పటినుంచి విశ్రాంతి అనేదే లేదు. క్రిస్మస్ నుంచి వసంతం దాకా డ్రూరీ లేన్, మిగతా ఏడాది రాత్రికి మూడు నాలుగు హాళ్ళు, టూర్లు. కోపం, ఆ వెంటనే పశ్చాత్తాపం. డైలాగులు మర్చిపోతున్నాడు. అన్నిటికంటే ఘోరం, వినికిడి పోతోంది. స్టేజి కింద కూర్చున్న జడ్జీలకి ఒక్క తప్పు దొరకకుండా దరువు వేసిన మనిషి. జనం నవ్వు ఎక్కడ మొదలై ఎక్కడ తగ్గుతుందో విని, సరిగ్గా ఆ సందులో తర్వాతి మాట వదిలే మనిషి. ఆయనకి హాలు సరిగ్గా వినిపించడం మానేసింది.

1903లో మదర్ గూస్ అయ్యాక పూర్తిగా కూలిపోయాడు. తాను షేక్‌స్పియర్ పాత్రలు, ముఖ్యంగా హ్యామ్లెట్ వెయ్యాలనే పట్టుదల మనసులో పాతుకుపోయింది. అప్పటి పెద్ద నటుడు, నిర్మాత బీర్‌బోమ్ ట్రీ దగ్గరికి వెళ్ళాడు. నటి కాన్‌స్టన్స్ కాలియర్ తన ఆత్మకథలో ఈ సంగతి రాసింది. లెనో తన దగ్గరికి వచ్చి, తన పక్కన హీరోయిన్‌గా చెయ్యమని కాంట్రాక్టు, వజ్రాల నగ ఇవ్వబోయాడట. ఆమె తీసుకోలేదు. ఆ తర్వాత ఆయన్ని లండన్‌లో ఒక మానసిక చికిత్సాలయంలో చేర్చారు, కొన్ని నెలలు అక్కడే ఉన్నాడు. ఆ రోజుల గురించి ఒక కథ చెప్పుకుంటారు. గోడ గడియారం కరెక్టేనా అని నర్సుని అడిగాడట. కరెక్టే అందట. కరెక్ట్‌గా పనిచేస్తే మరి దీన్ని ఇక్కడెందుకు పెట్టారు అన్నాడట. నిజమో కాదో గానీ టైమింగ్ మాత్రం ఆయనదే.

హ్యామ్లెట్ కోరికని నేను చదివిన చోటల్లా పిచ్చికి గుర్తుగా రాశారు. నేను అంత ఈజీగా ఒప్పుకోను. జబ్బు నిజం, అందులో డౌట్ లేదు. కానీ నవ్వించేవాడు సీరియస్ వేషం అడిగితే మనమూ ఇక్కడ ఏం చేస్తాం? పేరున్న కమెడియన్ ఏడిపించే పాత్ర చేశాడంటే, హాల్లో ఆయన మొహం కనపడగానే నవ్వుతాం. ఆయన కోరిక కొత్తది కాకపోవచ్చు. జబ్బు వచ్చాక బయటికి చెప్పే ధైర్యం వచ్చి ఉండొచ్చు. ఇది నా అభిప్రాయం, రుజువు లేదు.

ఆ ఏడాది చివర్లో బయటికొచ్చి, క్రిస్మస్‌కి హంప్టీ డంప్టీలో వేశాడు. జనం విపరీతంగా ఆదరించారు. అదే ఆఖరి పాంటో. 1904 జులైలో జోడీ కాంప్‌బెల్ చనిపోయాడు. అక్టోబర్ 31న లెనో పోయాడు. 43 ఏళ్ళు. అంత్యక్రియల రోజు దక్షిణ లండన్ వీధుల్లో వేలమంది నిలబడ్డారు.

మరి ఇప్పుడు ఆయన్ని చూడాలంటే? 1901 నుంచి 1903 మధ్య గ్రామఫోన్ కంపెనీకి దాదాపు 30 రికార్డులు ఇచ్చాడు. మిసెస్ కెల్లీ కూడా అందులో ఉంది, నెట్‌లో దొరుకుతుంది. నేను హెడ్‌ఫోన్స్ పెట్టుకుని విన్నాను. రెండు మూడు నిమిషాల గరగర. ఒక మనిషి తొందర తొందరగా ఏదో చెప్పుకుపోతున్నాడు. నిజం చెప్తున్నా, నాకు నవ్వు రాలేదు.

ఎందుకు రాలేదో తర్వాత అర్థమైంది. అప్పట్లో మైకు లేదు. ఒక పెద్ద కొమ్ము బూర ముందు నిలబడి, దాంట్లోకి అరవాలి. ఎదురుగా మనిషి లేడు. రికార్డు నిమిషాల్లో అయిపోతుంది కాబట్టి ఆగడానికి లేదు. లెనో ఆగే చోట్లే కదా లెనో. నవ్వు కోసం వదిలిన సందులన్నీ పూడ్చేసి ఇచ్చిన రికార్డు అది.

నేను ఉద్యోగం మానేశాక మొదటి వీడియో అమీర్‌పేటలో ఒక పీజీ గదిలో తీశాను. రూమ్మేట్ ఆఫీసుకి వెళ్ళాక, దుప్పటి కిటికీకి కట్టి. ఒక జోక్ వేశాను. వేసి, అలవాటుగా ఒక సెకను ఆగాను. ఫ్యాన్ చప్పుడు తప్ప ఏం లేదు. ఎడిటింగ్‌లో ఆ సెకను కట్ చేసేశాను. ఇప్పటికీ ప్రతి వీడియోలో అవే కట్ చేస్తుంటాను, సందులు ఉంటే మీరు స్క్రోల్ చేసి వెళ్ళిపోతారని. లెనో రికార్డు రెండోసారి పెట్టినప్పుడు, ఆయన ఊపిరి పీల్చుకునే చోటల్లా ఆపి ఆపి విన్నాను. ఒకచోట, మిసెస్ కెల్లీ పేరు మళ్ళీ వచ్చినప్పుడు, నవ్వొచ్చింది. మా మేనత్త గుర్తొచ్చింది.

రికార్డులో దొరకనిది స్క్రిప్టులో కొంత దొరుకుతుంది. వుడ్ అల్లిన ఆ కథ పాడవలేదు. పేదరాలు, బాతు, కొలను, అందం, తిరిగి బాతు కోసం ఏడుపు, ఈ వరస దాదాపు అలాగే ఈ రోజుకీ బ్రిటన్ ఊళ్ళలో ఆడుతున్నారు. జోకులు ప్రతి ఏడాదీ కొత్తవి, ఊరిని బట్టి వేరు. ఎవరు వేసినా లెనో కొలతలకి కుట్టిన గౌనులోనే దూరాలి. 2022లో మెకెల్లెన్ దూరింది అందులోనే. పైగా ఆయన జీవితమంతా షేక్‌స్పియర్ వేసినవాడు, అంతకు ముందు ఏడాదే, 82 ఏళ్ళకి, హ్యామ్లెట్ కూడా వేశాడు. ఆయన్ని హ్యామ్లెట్‌గానూ చూశారు, మదర్ గూస్‌గానూ చూశారు, ఎవరికీ పిచ్చి అనిపించలేదు.

మా అన్నయ్య వాళ్ళు ఈ డిసెంబర్‌కి కూడా టిక్కెట్లు తీసుకున్నారట. ఏ పాంటో అని అడిగితే, "నాకేం తెలుసు రా, మీ వదిన బుక్ చేసింది. చంటిది మాత్రం ఇప్పటినుంచే 'నీ వెనకాలే' అని ప్రాక్టీస్ చేస్తోంది, మా బాస్ వీడియో కాల్‌లో ఉన్నప్పుడు" అన్నాడు.

సరే అండి, ఈ వారానికి ఇంతే. ఉంటాను.